పున్నమినాటి ఉపవాసం

హైఫా ఊళ్ళో, కొండవాలున ఉన్న ఆ మూడంతస్తుల ఇంట్లో, అరాంకాకూ సెరేన్‌కూ మాటలు ఆగిపోయాయన్న సంగతి ముందుగా పసిగట్టినవాడు కింది వాటాలోని దర్జీ నఫ్తాలి. రోజూ పొద్దున్నే మధ్య అంతస్తు కిటికీలోంచి అరాంకా పైకీ, పై వసారాలోంచి సెరేన్ కిందికీ హంగేరీ భాషలో కేకలు వేసుకునేవారు. గుడ్ల ధర గురించి, మోకాళ్ళ నొప్పుల గురించి, రాత్రి పేకాటలో ఎవరు మోసం చేశారన్న దాని గురించి. నఫ్తాలికి ఆ భాష ఒక్క ముక్క రాదు. అయినా ఆ కేకలు వినబడ్డాకే అతను కత్తెర పట్టేవాడు.

"ఇల్లు మరీ ప్రశాంతంగా ఉంది. నాకు పని సాగట్లేదు," అన్నాడు మెట్ల దగ్గర అరాంకా కనబడితే. "ఎవరన్నా పోయారా?"

"పోలేదు. పైన బతికే ఉంది," అంది అరాంకా, సంచీ ఊపుకుంటూ వెళ్ళిపోయింది.

వాళ్ళిద్దరిదీ పాత స్నేహం. ఈ దేశం వచ్చిన కొత్తలో, అరాంకా బొత్తాల కొట్టు పెట్టినప్పుడు, సెరేన్ ఒక కోటు పట్టుకుని వచ్చింది. మాటల్లో ఇద్దరూ యుద్ధకాలంలో యూదులను బంధించిన ఒకే శిబిరంలో ఉన్నారని తేలింది. ఖైదీల పాకల్లో ఈమెది ఒక బారక్కు, ఆమెది ఎదుటి బారక్కు. ఆ రోజు ఆ ఒక్క మాట అనుకున్నారు, అంతే. తర్వాత నలభై ఏళ్ళపాటు పేకాడారు, పిల్లల పెళ్ళిళ్ళు చేశారు, భర్తలను మట్టికిచ్చారు. అక్కడి ఊసు మాత్రం ఎత్తలేదు. ఎత్తకపోవడం మీదే స్నేహం నిలబడింది.

భర్త పోయాక అరాంకా రాయడం మొదలుపెట్టింది. అలాంటి జ్ఞాపకాలు అచ్చువేసే చిన్న సంఘం ఒకటి ఉంది. అందులో పనిచేసే అమ్నోన్ వచ్చి కాగితాలు తీసుకెళ్ళేవాడు. అతని అమ్మమ్మా హంగేరీ మనిషే కావడంతో, అక్కడ పెద్ద ఆడవాళ్ళను పిలిచినట్టే "అరాంకా నేని" అని పిలిచేవాడు. అమ్నోన్‌కు ఒక పద్ధతి ఉంది. ఒకరు రాసినదాన్ని అదే చోట ఉండి వచ్చిన ఇంకొకరికి చూపిస్తాడు. ధర్మశాస్త్రం ఏ సంగతికైనా ఇద్దరు సాక్షులను అడుగుతుంది కదా అంటాడు. ఇక్కడ రెండో సాక్షి కోసం ఊళ్ళు తిరగనక్కరలేకపోయింది. ఒక అంతస్తు ఎక్కితే సరిపోయింది.

తగాదా అరాంకా వంటింట్లోనే, అమ్నోన్ ఎదుటే జరిగింది.

"ప్రాయశ్చిత్త దినాన నిండు చంద్రుడని రాసింది," అంది సెరేన్, కాగితాలను బల్ల మీద వేలితో పొడుస్తూ. "ఏమే, ఆ ఉపవాసం ఏ తిథిన వస్తుంది? దశమినాడు. దశమినాడు నిండు చంద్రుడెక్కడిదే నీకు? చంద్రుడేమన్నా నువ్వు కాల్చే రొట్టె అనుకున్నావా, పిండి ఎక్కువైతే పెద్దదవడానికి?"

"నేను చూశాను," అంది అరాంకా.

"నేనూ చూశాను. వాన చూశాను. ఆ సాయంత్రం ఆకాశంలో ఒక్క చుక్కా పొడవక, ఉపవాసం ఎప్పుడు విడవాలో తెలీక అల్లాడిపోయాం."

"వాన మీ బారక్కు మీద పడిందేమో."

"అవునవును. మీ బారక్కుకి దేవుడు గొడుగు పట్టాడు." సెరేన్ ఇంకో కాగితం తీసింది. "ఇది విను, అమ్నోన్. వాళ్ళ బారక్కులోని మల్కావి ఎర్రటి కనుబొమలట."

"ఎర్రవే."

"నల్లవి."

"నువ్వెప్పుడు చూశావే దాన్ని దగ్గరగా?"

"నీళ్ళ తొట్టి దగ్గర రోజూ చూసేదాన్ని. నల్లవి!"

అమ్నోన్ ఇద్దరికీ మధ్య చేయి అడ్డం పెట్టాడు. అతను మర్యాదస్తుడు, అందుకే అతని మాట ఎక్కువ తగిలింది.

"అరాంకా నేని, మీరు అబద్ధం రాశారని నేననను. అలాంటి చోట మనసు చూసినవాటిని ఒకదాని మీద ఒకటి పేరుస్తుంది. ఏదో వేరే రాత్రి చంద్రుడు వచ్చి ఈ రాత్రి మీద కూర్చుని ఉంటాడు. కానీ ఇలాంటి పుస్తకంలో ఒక్క తప్పు దొరికితే చాలు, మొత్తం కట్టుకథే అనడానికి గోతికాడ నక్కల్లా కాచుకున్నవాళ్ళున్నారు. చంద్రుణ్ణి తీసేయండి. లేదంటే ఆ అధ్యాయమే వదిలేద్దాం. పర్ణశాలల పండగ వెళ్ళగానే అచ్చుకిస్తాను, ఈలోగా ఆలోచించండి."

అతను వెళ్ళాక సెరేన్ కూడా లేచింది. గుమ్మం దగ్గర ఆగి, "ఉన్నది రాస్తే చాలదా? అలంకారాలెందుకు?" అంది. ఆ మాటతో వాళ్ళిద్దరికీ మాటలు ఆగిపోయాయి.

అరాంకా చంద్రుణ్ణి తీసేయడానికి నిజంగానే ప్రయత్నించింది. మొండితనం కోసం మొండితనం చేసే మనిషి కాదు ఆమె. పొద్దున కిటికీ దగ్గర కూర్చుని ఆ పేజీ మళ్ళీ రాసింది. బారక్కులో చీకటి. చెక్క పడకలు. ఉపవాసం ముగిసే వేళ. ఎవరో సన్నగా ముగింపు ప్రార్థన పాడుతున్నారు.

ఎవరో. అక్కడ కలం ఆగిపోయేది.

వెన్నెల ఉంటేనే మల్కాకు ముఖం ఉంది. కిటికీలోంచి వెలుగు వాలి, ఆ ఎర్రటి కనుబొమల మీద పడేది. వెన్నెల తీసేస్తే గొంతొక్కటే మిగిలింది. అది ఎవరి గొంతైనా కావచ్చు.

మల్కా సత్మార్ వైపు మనిషి. చేతితొడుగులు కుట్టేది. బారక్కులో రోజులూ పండగలూ మనసులో లెక్కపెట్టి చెప్పేది ఆమే. అరాంకా అప్పటికి పదిహేడేళ్ళ పిల్ల. పడక మీంచి లేవడం మానేద్దామనుకుంటున్న రోజులవి. మల్కా వచ్చి పక్కన కూర్చుని, "రోజూ వాళ్ళు మన కడుపు మాడుస్తున్నారు. రేపొక్కరోజు మనమే మాడ్చుకుందాం. రేపు ఆకలి మన సొంతం," అంది. మర్నాడు బారక్కంతా సూపు వద్దంది. అరాంకా లేచి నిలబడి వద్దంది. ఆ తర్వాత ఆమె రోజూ లేచి నిలబడుతూనే ఉంది. ఆ చలికాలం కాపలావాళ్ళు ఖైదీలను నడిపించుకుపోయిన దారిలో మల్కా వెనకబడిపోయింది. వెనకబడినవాళ్ళెవరూ బతకలేదు. ఆమె తరఫువాళ్ళు ఒక్కరైనా మిగిలారేమోనని అరాంకా ఏళ్ళతరబడి వాకబు చేసింది. ఎవరూ లేరు. ఫోటో లేదు. ఆ అధ్యాయం లేకపోతే, మల్కా అనే మనిషి ఈ భూమ్మీద నడిచిందని చెప్పే ముక్క ఇంకెక్కడా లేదు.

అంతకంటే పెద్ద భయం ఇంకొకటి పట్టుకుంది. చంద్రుణ్ణి తను అల్లుకుంటే, సెరేన్ ఎరగని ఈ ఎర్ర కనుబొమల మల్కాను మాత్రం అల్లుకోలేదని ఏమిటి నమ్మకం?

ఈ భయంతోనే పర్ణశాలల పండగ వచ్చింది.

ఆ పండక్కి ఇంటి పెరట్లో పందిరి వేసేవాడు నఫ్తాలి. కోట్లు ఎంత తిన్నగా కుట్టేవాడో, పందిళ్ళు అంత వంకరగా కట్టేవాడు. పైకప్పు ఆకుల సందుల్లోంచి చుక్కలు కనబడాలని నియమం. నఫ్తాలి పందిట్లోంచి చుక్కలతోపాటు ఎదురింటి ఆరేసిన దుప్పట్లు కూడా కనబడేవి. ఖర్జూరపు మట్టలు ఎవరి పళ్ళెంలో ఎప్పుడు పడతాయో తెలియదు. ఆ ఏడు అతను కావాలనే అరాంకా కుర్చీ సెరేన్ కుర్చీకి ఎదురుగా వేశాడు.

సెరేన్ పండగ వంట తెచ్చింది. మాంసం కూరిన క్యాబేజీ పొట్లాలు, గసగసాల రొట్టె. దీవెన చదివారు, ద్రాక్షసారాయం తాగారు. ఇద్దరు ఆడవాళ్ళూ ఒకరి మొహం ఒకరు చూడలేదు.

"నఫ్తాలీ," అంది సెరేన్ అందరికీ తెలిసిన హీబ్రూలో, "ఆవిడకి ఉప్పు కావాలేమో కనుక్కో."

"ఆవిడతో చెప్పు నఫ్తాలీ, ఈ పొట్లాల్లో ఉప్పు సముద్రమంత ఉందని," అంది అరాంకా.

"సముద్రమని కాదు, పున్నమిలాగా నిండుగా ఉందని రాసుకోమను."

"నేను దర్జీని," అన్నాడు నఫ్తాలి నోటినిండా క్యాబేజీతో. "టపా మోసేవాణ్ణి కాదు."

అప్పుడే ఎదురింటి మేడ వెనకనుంచి చంద్రుడు పైకొచ్చాడు. పండగ మొదలయ్యేది పున్నమినాడే గనక నిండుగా వచ్చాడు. పందిట్లో వంకర గుంజల మీదా, బల్ల మీది పండగ మాదీఫలం మీదా వెలుగు పడింది. నఫ్తాలి తలెత్తి, "అబ్బ!" అన్నాడు.

సెరేన్‌కు అవకాశం దొరికింది. "నఫ్తాలీ, ఆవిడ రాసిన చంద్రుడు ఇదిగో, ఇప్పుడొచ్చాడని చెప్పు. వాళ్ళ బారక్కువాళ్ళు ప్రాయశ్చిత్త దినానికి కాదు, పర్ణశాలల పండక్కి ఉపవాసం ఉండి ఉంటారు!"

నఫ్తాలి నవ్వాడు. సెరేన్ తన హాస్యానికి తనే నవ్వుకుంది. ఆ నవ్వు సగంలో ఆగిపోయింది. చేతిలోని ముల్లుచెంచా పళ్ళెంలో పెట్టింది.

"అరాంకా," అంది. ఇన్నాళ్ళకు నేరుగా, హంగేరీ భాషలో. "మీరు సూపు వద్దన్నది ఏ రోజున?"

"ఉపవాసం రోజున. ఇంకే రోజున?"

"ఆగు. మా ఉపవాసం నాడు వాన. ఇది మాత్రం నేను ప్రమాణం చేసి చెప్తాను. ఆ తర్వాత కొన్నాళ్ళకి, బురద కూడా ఎండిపోయాక, మేం సూపు వరసలో నిలబడి ఉన్నాం. అవతలి వరసలో మీరు. మీవాళ్ళంతా గిన్నెలు బోర్లించి పట్టుకున్నారు. వీళ్ళకేం పిచ్చి పట్టిందే అనుకున్నాం. సూపులో పురుగులు పడ్డాయేమోనని మావాళ్ళు గిన్నెల్లో వేళ్ళు పెట్టి కెలుక్కున్నారు."

అరాంకా పళ్ళెం పక్కకు జరిపింది. "గిన్నెలు బోర్లించమని చెప్పింది మల్కానే. ఆ సంగతి నేను పుస్తకంలో రాయలేదు."

"రాయలేదు. నేను చూశాను గనక చెప్తున్నాను."

"మల్కాకి జ్వరం వచ్చింది," అంది అరాంకా మెల్లిగా. ఒక్కొక్క మాటా తడిమి చూసి బయటికి తీస్తున్నట్టు అంది. "ఆ పండగల ముందే. రోగుల గుడిసెలో పడేశారు. తిరిగొచ్చాక, ఒకటి రెండు రోజులు పడుకున్నాను, అంతే అంది. ఒళ్ళు తెలీని మనిషికి రోజులేం తెలుస్తాయి? మళ్ళీ అక్కణ్ణించే లెక్క అందుకుంది."

"మరి చంద్రుణ్ణి చూసైనా తెలీలేదూ? మీ బారక్కులో ఒక్కరికీ కళ్ళు లేవూ?"

"ఎక్కణ్ణించి చూస్తాం? పనిలోంచి తలొంచుకుని వచ్చి పడేవాళ్ళం. పైగా వాన వెలిసినా ఆ సాయంత్రం దాకా మబ్బు వీడలేదు. నువ్వే అన్నావుగా వానని." అరాంకా బల్ల మీంచి సెరేన్ చెయ్యి పట్టుకుంది. "సెరేన్, అది చూసింది. మల్కా చూసింది!"

"ఏం చూసింది?"

"ముగింపు ప్రార్థన పాడుతూ, చుక్కలొచ్చాయేమోనని కిటికీ వైపు తిరిగింది. అక్కడ ఈ చంద్రుడు. పాట ఆపేసింది. నేను రాశాను కదా, పాట మధ్యలో ఆగి నవ్విందని. ఎందుకు నవ్విందో నాకు తెలియదని కూడా రాశాను."

ఆ వాక్యం సెరేన్ చదివింది. దాన్ని కూడా అలంకారమే అనుకుంది.

"దానికి తెలిసిపోయింది," అంది సెరేన్. "లెక్క అయిదు రోజులు వెనకబడిందని, పున్నమి వచ్చేసిందని, అది అప్పుడే చూసుకుంది."

"చూసుకుని, నవ్వి, మళ్ళీ పాట అందుకుంది. ఎవరికీ చెప్పలేదు. పొద్దుట వద్దన్న సూపు మళ్ళీ వస్తుందా ఏమన్నా? ఇంకెందుకు చెప్పడం!"

"పండగపూట ఉపవాసం!" సెరేన్ రెండు చేతులూ చెంపల మీద పెట్టుకుంది. "నిషిద్ధమే అది! సంతోషించి తీరాలని దేవుడు ఆజ్ఞ వేసిన రోజున మీరు కూర్చుని పాపాలకి గుండెలు బాదుకున్నారు!"

"బాదుకున్నాం. ఒక్క పాపం వదలకుండా. తిండిబోతుతనానికి కూడా."

"తిండిబోతుతనానికా!"

"ప్రార్థనలో పాపాల పట్టీ అక్షరక్రమంలో ఉంటుంది కదే, ఎలా వదుల్తాం?"

అంతే. సెరేన్ బల్ల మీదికి వాలిపోయింది. అరాంకా కుర్చీలో వెనక్కి పడిపోయింది. ఎవరు ముందు మొదలుపెట్టారో చెప్పడం కష్టం. నవ్వు ఒకరి దగ్గర ఆగబోతే ఇంకొకరు అందుకునేవారు. కళ్ళవెంట నీళ్ళు కారాయి, తుడుచుకున్నారు, మొహాలు చూసుకున్నారు, మళ్ళీ మొదలుపెట్టారు. ఒక ఖర్జూరపు మట్ట తెగి గసగసాల రొట్టె మీద పడింది. నఫ్తాలి భయపడిపోయాడు.

"ఏమైందమ్మా? ఎవరన్నా పుట్టారా?"

"ఒకావిడ నవ్వింది నఫ్తాలీ," అంది అరాంకా. "నలభై అయిదేళ్ళ కిందట. ఎందుకో ఇప్పుడు తెలిసింది."

ఆమె లేచి, అమ్నోన్‌కు ఫోన్ చెయ్యాలని ఇంట్లోకి పరిగెత్తబోయింది. సెరేన్ చెయ్యి పట్టి లాగింది. "పండగపూట ఫోనా? చెయ్యకూడదు. ఒక పండగ పాడుచేశారు చాల్లేదా మీ బారక్కువాళ్ళు? కూర్చో. తిను. మల్కా వంతు కూడా తిను." అంటూ ఇంకో మూడు పొట్లాలు ఆమె పళ్ళెంలో వేసింది. అరాంకా అన్నీ తింది. ఉప్పు ఎక్కువైన సంగతి ఇక ఎత్తలేదు.

వారం పైగా సాగే ఆ పండగలో, నియమం సడలే నడిమి రోజుల్లో అమ్నోన్ వచ్చాడు. ముసలివాళ్ళిద్దరూ ఒకేసారి చెప్పడంతో అతనికి మొదట ఏమీ అర్థం కాలేదు. అర్థమయ్యాక వేళ్ళు మడిచి తిథులు లెక్కపెట్టుకున్నాడు. పర్ణశాలల పండగ తప్పకుండా పున్నమినాడే గనక, చంద్రుడి లెక్క పొసిగింది. సెరేన్ చూసిన బోర్లించిన గిన్నెలు పొసిగాయి.

"దీన్ని రుజువు అనలేను," అన్నాడు చివరికి. "మీరిద్దరూ ఇప్పుడు కలిసి చెప్పుకున్నారు, ఒకరి జ్ఞాపకం ఒకరికి అంటుకుని ఉండొచ్చు. కానీ ఈ అధ్యాయం తీసేయమని నేనెలా అంటాను?" అతని మొహం వెలిగిపోతోంది. "ఒక్క దిద్దుబాటు చేద్దాం నేని. 'ప్రాయశ్చిత్త దినాన' అన్నచోట 'పర్ణశాలల పండగనాడు' అని మారుద్దాం."

"మార్చను," అంది అరాంకా.

"కానీ అది తప్పని మీరే…"

"పంచాంగానికి తప్పు. మాకు కాదు బాబూ. ఆ రోజు ప్రాయశ్చిత్త దినమని మల్కా చెప్పింది, మేం ఉన్నాం. నాకు జరిగింది అదే. చంద్రుడూ ఉంటాడు, ప్రాయశ్చిత్త దినమూ ఉంటుంది. ఎలా కుదిరిందో ఆ పేజీ అడుగున ఇదిగో, ఇది చెప్తుంది."

సెరేన్ అప్పటికే గొంతు సవరించుకుంటోంది. "రాసుకో అమ్నోన్. 'ఆ బారక్కువాళ్ళు లెక్క తప్పారు.' రాశావా? 'ఎదుటి బారక్కువాళ్ళు తప్పలేదు.' అది కూడా రాయి. 'మల్కాను నేనూ చూశాను. ఆమె ఉండేది. ఆమె కనుబొమలు…'"

"కనుబొమల జోలికి పోకు!" అంది అరాంకా.

"సాక్షిని బెదిరిస్తోంది, చూడు!"

"ఒక పేజీకి ఒక తగాదా చాలు," అన్నాడు అమ్నోన్, కలం మూసేస్తూ.

అలా అన్నా, అరాంకా మనసు ఆ తగాదాలో లేదు. 'ఆమె ఉండేది' అన్న మాట దగ్గరే ఆగిపోయింది.

పండగ చివరి రోజున ప్రార్థనా మందిరంలో పోయినవాళ్ళను తలుచుకుంటారు. ఎవరివాళ్ళ పేర్లు వాళ్ళు, తండ్రి పేరుతో కలిపి, నోటిలోనే చెప్పుకుంటారు. భర్త పోయాక అరాంకా అక్కడికి వెళ్ళడం తగ్గించింది. ఆ పొద్దున సెరేన్ వచ్చి తలుపు కొట్టింది. మంచి బట్టలు కట్టుకుని, తలకు గుడ్డ చుట్టుకుని ఉంది.

"పద. మల్కా ఎవరి కూతురు?"

"తెలియదే. ఎప్పుడూ అడగలేదు."

"పోనీ, అబ్రహాము కూతురని చెప్దాం. ఆయన కాదంటాడా? అందరికీ తండ్రేగా."

ఆడవాళ్ళు కూర్చునే మేడమీది వరసలో, కటకటాల పక్కన ఇద్దరూ నిలబడ్డారు. సెరేన్ చదవడం మొదలుపెట్టింది. ఆమె పేర్లు చాలా ఉంటాయి. ఎప్పుడూ అందరికంటే ఆఖరున ముగిస్తుంది. అరాంకా తన భర్త పేరు, అమ్మ పేరు, తమ్ముళ్ళ పేర్లు చెప్పుకుని, పక్కకు చెవి పెట్టింది. సెరేన్ పెదవులు కదులుతున్నాయి. చిన్నగా, స్పష్టంగా, "మల్కా, అబ్రహాము కూతురు," అంది.

ఆ పేరు ఇన్నేళ్ళూ అరాంకా ఒక్కతే తలుచుకుంది. ఇంకొకరి ప్రార్థనలో వినడం ఇదే మొదలు. గుండెలో ఏదో బరువు పక్కకు జరిగి చోటిచ్చినట్టు, ఆమెకు ఊపిరి నిండుగా ఆడింది.

సెరేన్ పుస్తకం మూయలేదు. వేలు పెట్టుకుని, మోచేత్తో పొడిచింది. "ఇంకెవరుండేవారే మీ బారక్కులో? చెప్పు. ఎలాగూ నిలబడే ఉన్నాం కదా."

అరాంకా కటకటాలు పట్టుకుంది. ఒక పేరు వచ్చింది, దాని వెనక ఇంకోటి. కిటికీ పక్క పడక మీది ఎతెల్, దగ్గుతూ జోకులు చెప్పేది. పొడుగాటి ఫ్రీదా. ఫ్రీదా చెల్లెలు, పేరు… పేరు… "బ్లిమా!" అంది గట్టిగా.

ముందు వరసలోని ఆడవాళ్ళు వెనక్కి తిరిగి "ష్!" అన్నారు.

"మీరు ష్!" అంది సెరేన్. "నువ్వు చెప్పవే."